దిండు కింద జోకర్

బహుశా గారు టీవీ స్టూడియోలో అడుగుపెట్టినప్పుడు ఆయనకింకా ఆ బిరుదు లేదు. నాలుగు నిమిషాల తర్వాత బయటికొచ్చేసరికి వచ్చేసింది.

అప్పటికి కొత్త జ్వరం నగరంలోకి వచ్చి పది రోజులైంది. జబ్బులు ఒకరి నుంచి ఒకరికి ఎలా పాకుతాయో లెక్కకట్టడం ఆయన వృత్తి. విశ్వవిద్యాలయంలో మెట్ల కింద గదిలో, ఒక కాలు పొట్టిదైన కుర్చీలో ఒరిగి కూర్చుని, ఇరవై ఆరేళ్లుగా ఆ లెక్కలే చేస్తున్నాడు. ఇన్నేళ్లలో బయటివాళ్లెవరూ ఆయన్ని ఏమీ అడగలేదు, ఈ కంప్యూటర్లు సెలవురోజు కూడా ఎందుకు నడుస్తున్నాయని ఆఫీసువాళ్లు ఒకసారి వచ్చి అడగడం తప్ప. అలాంటి మనిషిని ఆరోగ్యశాఖవాళ్లు పట్టుకొచ్చి, మొహానికి పౌడరు కొట్టించి, కాలరుకి మైకు తగిలించి, వాతావరణ వార్తలకీ సీరియల్‌కీ మధ్య మిగిలిన నాలుగు నిమిషాల్లో కూర్చోబెట్టారు.

నెలాఖరుకి ఎంతమందికి జ్వరం వస్తుందని యాంకరమ్మాయి అడిగింది. నాలుగు వేల నుంచి తొంభై వేల మధ్య అని ఆయన చెప్పాడు. ఆ అమ్మాయి నవ్వు చెదరలేదు గానీ కళ్లు మాత్రం చెదిరాయి. ఒక్క అంకె చెప్పమని బతిమాలింది. బహుశా మధ్యలో ఎక్కడో ఉంటుందన్నాడు. పిల్లలకి వస్తుందా? బహుశా. పై నెలకి తగ్గుతుందా? బహుశా, అయితే… ఆ నాలుగు నిమిషాల్లో ఆయన పదకొండుసార్లు బహుశా అన్నాడని మర్నాడు ఎవరో లెక్కపెట్టి మరీ చెప్పారు. ఆయన చేసిన లెక్కల్ని పట్టించుకున్న నాథుడు లేడు గానీ ఆయన మీద చేసిన ఈ లెక్క మాత్రం ఊరంతా తిరిగింది. మూడో రోజుకి లిఫ్టులో పై అంతస్తాయన, “బహుశా గారూ, ఇది పైకే వెళ్తుందంటారా?” అని అడిగేదాకా వచ్చింది వ్యవహారం.

నిజానికి ఆ మాటంటే ఆయనకి ఇష్టమే. తెలియనిది తెలియదని మర్యాదగా చెప్పడానికి అంతకన్నా మంచి మాట ఇంకోటి లేదని ఆయన ఉద్దేశం. ఆయనకి అర్థం కానిదల్లా ఒకటే. తనకన్నా ముందు అదే కుర్చీలో కూర్చుని రేపు వాన పడే అవకాశం ఉందని రోజూ చెప్పి వెళ్లే వాతావరణం ఆయన్ని మాత్రం ఎవరూ ఏమీ అనరు. ఒకరోజు పౌడరు తుడుచుకుంటూ ఆ సంగతే అడిగాడు. పంతొమ్మిదేళ్లు తిట్టించుకున్నాక జనానికి తిట్టే ఓపిక పోయిందండీ, మీకింకా మొదటి నెలే కదా అని ఆయన ఓదార్చాడు.

ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. బహుశా గారు రచ్చలో ఓడి ఇంటికొచ్చేవాడు, ఇంట్లో అంతకన్నా ఘోరంగా ఓడేవాడు. ఓడించేది అమ్మ.

అమ్మకి డెబ్బై ఆరేళ్లు. టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో ముప్ఫై నాలుగేళ్లు ఆపరేటరుగా చేసింది. చెవులకి హెడ్‌ఫోను పెట్టుకుని లక్షల లైన్లు కలిపింది, ఒక్కటంటే ఒక్కటి తప్పుగా కలపలేదు. ఆ గర్వం ఇంకా తగ్గలేదు. లైను కలుస్తుందా కలవదా అని అడిగినవాడికి బహుశా అని చెప్పి ఉంటే తనని మొదటి నెల్లోనే ఇంటికి పంపేసేవాళ్లని కొడుకు టీవీలో కనపడ్డప్పుడల్లా అనేది. పెరటి చెట్టు వైద్యానికి పనికిరాదు కదా. కొట్టుకి పంపితే ఎన్ని తెమ్మన్నారో మర్చిపోయి సగం దారిలోంచి వెనక్కొచ్చిన పిల్లాడు ఇవాళ నగరానికి అంకెలు చెప్తానంటే, ఆ పిల్లాణ్ణి కన్న మనిషి ఎలా నమ్ముతుంది?

ఆ ఇంట్లో మధ్యాహ్నం రెండింటి నుంచి నాలుగింటి దాకా పేకాట. అమ్మ ఆస్పత్రిలో ఉన్న పదకొండు రోజులు తప్ప ఎనిమిదేళ్లుగా ఒక్కరోజు నాగా లేదు. హాల్లో కిటికీ పక్కన గుండ్రటి బల్ల, చుట్టూ ఆరు కుర్చీలు. అమ్మ కుర్చీకి మాత్రం పాత దిండు ఒకటి ఉంటుంది, నడుంనొప్పి పేరు మీద. అమ్మకి కుడివైపున టైలరమ్మ, ఎదురుగా రిటైరైన హెడ్ నర్సు, మిగతా ముగ్గురూ ఆ భవనంలోవాళ్లే. అందరూ డెబ్బై దాటినవాళ్లే. పందెం గుండీలు. టైలరమ్మ కొట్టు మూసేసినప్పుడు ఇంటికి తెచ్చుకున్న రేకు డబ్బా నిండా చొక్కా గుండీలు, కోటు గుండీలు, ముత్యాల్లాంటి గౌను గుండీలు ఉండేవి. సాయంత్రమయ్యేసరికి మంచివన్నీ అమ్మ వైపు చేరేవి. అమ్మ చెయ్యి మంచిదని అందరూ అనుకునేవాళ్లు.

అమ్మ చెయ్యి సంగతి బహుశా గారికి ఎనిమిదో ఏట నుంచే తెలుసు. తల్లి గుట్టు కాబట్టి నోరెత్తలేదు.

రెండేళ్ల క్రితం అమ్మకి న్యుమోనియా వచ్చింది. పదకొండు రోజులు ఆస్పత్రిలో ఉంది, అందులో మూడు రోజులు డాక్టర్లు కూడా ఆయనతో బహుశా అనే మాట్లాడారు. అప్పటి నుంచి అమ్మ దగ్గిందంటే ఆయన ఎక్కడున్నా ఆగి వింటాడు. ఆయనకి భయం. నగరం సంగతి నిజానికి ఆ తర్వాత. ఆయన పట్టికలో డెబ్బై దాటినవాళ్ల వరుస ఒకటుంది. దాని మీదికి చూపు వెళ్లినప్పుడల్లా ఆయనకి అంకెలు కనపడవు, కిటికీ పక్కన కూర్చుని ముక్కలు కలుపుతున్న అమ్మ కనపడుతుంది.

“మూడు వారాలు ఆట ఆపమ్మా” అని ఒకరోజు పొద్దున్నే అడిగాడు.

“ఆపకపోతే నాకు జ్వరం వస్తుందా?”

“రావచ్చు.”

“వస్తుందా, రాదా? ఏదో ఒకటి చెప్పరా.”

“బహుశా వస్తుందమ్మా.”

“బహుశాకి ఎవరైనా ఆట మానుకుంటారా?” అని అమ్మ కాఫీ కప్పు పట్టుకుని లేచిపోయింది.

ఆయన భార్యకి మందుల షాపుంది. ఊళ్లోవాళ్లంతా డాక్టరు చెప్పిందాన్ని ఆవిడ దగ్గర ఇంకోసారి అడిగి ఖాయం చేసుకుంటారు. అమ్మకి కూడా కోడలి మాటంటే గురి. అందుకని ఈసారి కోడలు రంగంలోకి దిగి, అత్తయ్యా అని మొదలుపెట్టి ఊపిరితిత్తుల గురించి పావుగంట చెప్పింది. అమ్మ అంతా విని, నీ మొగుణ్ణి ముందు ఒక అంకె మీద నిలబడమను, తర్వాత చూద్దాం అంది. కోడలు షాపు తాళాలు తీసుకుని బయల్దేరింది.

ఇక టీవీలోనే ఏదో ఒకటి చేసి అమ్మకి అర్థమయ్యేలా చెప్పాలని ఆయన నిశ్చయించుకున్నాడు. నగరానికి చెప్తున్నట్టు కనపడేవాడు గానీ ఆ రోజుల్లో ఆయన చెప్పిందంతా ఒక్క ప్రేక్షకురాలి కోసమే. అగ్గిపుల్లలు వరసగా గుచ్చి, ఒకటి వెలిగిస్తే పక్కవన్నీ ఎలా అంటుకుంటాయో, మధ్యలో ఒకటి తీసేస్తే మంట ఎలా ఆగుతుందో చూపిద్దామనుకున్నాడు. పుల్ల తీసేలోపే స్టూడియో పైకప్పులో ఉన్న పొగ గంట మోగింది, పైపుల్లోంచి నీళ్లు పడ్డాయి, సీరియల్ తొమ్మిది నిమిషాలు ఆలస్యమైంది. మర్నాడు చానెల్‌కి వచ్చిన ఫోన్లన్నీ ఆ తొమ్మిది నిమిషాల గురించే. ఇంకో రోజు బోర్డు మీద కొండలాంటి గీత గీసి, కేసులు ఇలా పెరిగి, ఇలా తగ్గుతాయని చూపించాడు. ఒకాయన ఫోన్ చేసి, అటువైపు దిగుడు ఎప్పుడు మొదలవుతుందో చెప్పండి, అప్పటిదాకా మేం మామూలుగానే తిరుగుతుంటాం అన్నాడు. అమ్మ ఆ ఫోన్ చేసినాయన్ని మెచ్చుకుంది.

అసలు కథ ఆదివారం పొద్దున మొదలైంది. ఆయన కాగితాలు గుండ్రటి బల్ల మీద పరుచుకుని కూర్చున్నాడు. అమ్మ కళ్లజోడు తుడుచుకుంటూ వచ్చి, ఊరికే ఒక కాగితం తీసి చూసింది. డెబ్బై దాటినవాళ్లు రోజుకి కలిసే మనుషులు, సగటున ఇద్దరు అని ఉంది అందులో. అమ్మ నవ్వడం మొదలుపెట్టింది. నవ్వి నవ్వి కుర్చీలో కూలబడింది.

“ఎవరు చెప్పార్రా ఇద్దరని?”

సర్వే అని ఆయన చెప్పాడు. వెయ్యిమంది పెద్దవాళ్లకి ఫోన్ చేసి అడిగారు, లెక్క పక్కాగా ఉంది అన్నాడు.

“ఏ వేళప్పుడు చేశారు ఫోను?”

“మధ్యాహ్నం రెండు నుంచి నాలుగు. పెద్దవాళ్లు భోంచేసి తీరిగ్గా ఉంటారని నేనే ఆ టైము పెట్టమన్నాను.”

అమ్మ నవ్వు ఆపింది. ఎక్స్ఛేంజిలో కొత్తగా చేరిన పిల్లలకి పని నేర్పేటప్పటి గొంతు వచ్చింది ఆవిడకి.

“మనింటికీ చేశారు. హెడ్ నర్సు షో చెప్పబోతోంది, నేనెత్తలేదు. చేతిలో పదమూడు ముక్కలు పెట్టుకుని ఎవరెత్తుతారు? ఆ వేళప్పుడు ఫోను ఎత్తేది ఇంటికి ఎవరూ రానివాళ్లురా. ఒంటరిగా కూర్చుని ఎవరైనా చేస్తే బావుణ్ణని చూసేవాళ్లు. వాళ్లనడిగితే ఇద్దరనే చెప్తారు. పాపం, ఆ ఇద్దరిలో ఒకడు నువ్వు పెట్టిన ఫోన్ చేసేవాడే అయ్యుంటాడు.”

బహుశా గారికి తల తిరిగింది. ఇరవై ఆరేళ్ల చదువు, మూడు కంప్యూటర్లు, వెయ్యి ఫోన్లు. మనుషులు ఎక్కువమందిని కలిసే వేళ చూసి మరీ, ఎవరినీ కలవనివాళ్లని మాత్రమే లెక్కపెట్టుకొచ్చాడు. పైగా ఆ తప్పు రోజూ మధ్యాహ్నం ఆయన సొంత హాల్లోనే కూర్చుని గుండీలు లెక్కపెట్టుకుంటోంది.

చొక్కా గుండీలు సరిగ్గా పెట్టుకోకుండానే మెట్ల కింద గదికి పరిగెత్తాడు. అమ్మ రోజుకి కలిసేవాళ్లని వేళ్ల మీద లెక్కేసి, ఇద్దరు అన్నచోట తొమ్మిది పెట్టి లెక్క మళ్లీ నడిపించాడు. జ్వరం ఉద్ధృతి ఐదు వారాల తర్వాత రావాల్సింది పన్నెండు రోజుల్లోకి వచ్చేసింది. ఇలాగే తిరిగితే నెలాఖరుకి నలభై వేలు. డెబ్బై దాటినవాళ్ల వరుస మూడింతలైంది. మళ్లీ చేశాడు, మళ్లీ అదే. సాయంత్రం ఇంటికొచ్చి అమ్మకి అంతా చెప్పి, నీవల్లే తెలిసిందమ్మా, రేపట్నుంచి ఆట ఆపు అన్నాడు. తప్పు నీదైతే ఆట మేమెందుకు ఆపాలని అమ్మ అడిగింది. సోమవారం మధ్యాహ్నం ఆరుగురూ మామూలుగానే కూర్చున్నారు.

ఆ సాయంత్రం ఆయన కెమెరా ముందు కూర్చోగానే, నేను తప్పు చేశాను అని మొదలుపెట్టాడు. ఆ కుర్చీలో అంతకుముందు ఎవరూ ఆ మాట అనలేదు కాబట్టి యాంకరమ్మాయి నవ్వు మొదటిసారి చెదిరింది. ఆయన ఫోన్ల సంగతి చెప్పాడు, పన్నెండు రోజుల సంగతి చెప్పాడు. ఆ అమ్మాయి కాగితాలు పక్కన పెట్టి, తనకి నిజంగా తెలియని ప్రశ్న ఒకటి అడిగింది. మనిషి నిక్షేపంగా ఉన్నాడు, జ్వరం లేదు, దగ్గు లేదు, నవ్వుతూ మాట్లాడుతున్నాడు. అలాంటివాడిని చూసి భయపడటమెందుకు?

చెవిలో పెట్టిన యంత్రంలోంచి ఇంకా నిమిషమున్నర ఉందని ఎవరో చెప్పారు. ఎదురుగా కెమెరా మీద ఎర్ర దీపం. ఆ దీపం వెనక, కిటికీ పక్కన, దిండు వేసుకుని కూర్చున్న అమ్మ. ఆయన అమ్మతోనే మాట్లాడాడు.

“మా అమ్మ పేకాట ఆడుతుందండీ. జోకర్ రాగానే అందరిలా వాడెయ్యదు. ఎవరూ చూడకుండా దిండు కింద పెట్టేస్తుంది. మూడు ఆటలు అది అక్కడే ఉంటుంది. బల్ల మీద ఏ తేడా కనపడదు, అందరూ కబుర్లు చెప్పుకుంటూ ఆడుతుంటారు. నాలుగో ఆటలో తీసి షో చెప్తుంది. అప్పటికి చేసేదేం లేదు, అందరి గుండీలూ పోయినట్టే. ఈ జ్వరం కూడా అంతే. బయటపడే ముందు మూడు రోజులు దిండు కింద ఉంటుంది. మనిషి బాగానే ఉంటాడు, బాగానే ఉండి అందరికీ అంటిస్తుంటాడు. మీ బల్ల దగ్గర ఎవరి దిండు కింద ఉందో మీకు తెలియదు. వాళ్లకీ తెలియదు. తెలియనప్పుడు ఆటకి కూర్చోకండి.”

ఒక్క బహుశా కూడా లేదు. యాంకరమ్మాయి గడియారం చూడ్డం మర్చిపోయింది. తన వంతు అయిపోయినా వెళ్లకుండా నిలబడ్డ వాతావరణం ఆయన చప్పట్లు కొట్టాడు. బహుశా గారు గాల్లో తేలుతూ ఇంటికొచ్చాడు. కాలు జారితే తీసుకోవచ్చు గానీ నోరు జారితే తీసుకోలేమన్న సంగతి ఆయనకి లిఫ్టులో, రెండో అంతస్తు దాటాక గుర్తొచ్చింది.

తలుపు తీసిన భార్య మాట్లాడొద్దని సైగ చేసింది. అమ్మ కిటికీ వైపు తిరిగి కూర్చుని ఉంది. దిండు బల్ల మధ్యలో పెట్టి ఉంది. అప్పటికే అయిదు ఫోన్లు వచ్చేశాయట. ఎనిమిదేళ్లుగా ఓడిపోతున్నది తన తెలివితక్కువతనం వల్లేనని హెడ్ నర్సు రోజూ నిద్రపోయే ముందు బాధపడేదట. టైలరమ్మ మాత్రం తిట్టలేదు, గుండీల డబ్బా కోడలి చేత పంపించమని మాత్రం అంది. ఆ ఒక్క మాటా మిగతా నాలుగు తిట్ల కన్నా ఎక్కువ గుచ్చుకుంది అమ్మకి.

“ఆయనకి కాఫీ కావాలేమో అడుగమ్మా” అంది అమ్మ కోడలితో, కొడుకు మూడడుగుల దూరంలో నిలబడి ఉండగా.

“ఒరే” పోయి “ఆయన” వచ్చిందంటే పరిస్థితి ఎంత దాకా వెళ్లిందో ఆయనకి వేరే చెప్పక్కర్లేదు.

మంగళవారం మధ్యాహ్నం రెండయింది. ఆరు కుర్చీల్లో ఐదు ఖాళీ. అమ్మ ఒక్కతే కూర్చుని ముక్కలు కలిపింది, ఎవరికీ పంచకుండా మళ్లీ కలిపింది. అప్పుడు ఫోన్ మోగింది. ఎనిమిదేళ్లలో మొదటిసారి ఆ వేళప్పుడు అమ్మ ఫోనెత్తింది. అవతల సర్వేవాళ్లు. బహుశా గారు ఈసారి పొద్దున్నుంచి సాయంత్రం దాకా అన్ని వేళలా అడగమని పురమాయించాడు లెండి. అమ్మా, ఇవాళ ఎంతమందిని కలిశారని అడిగారు.

“ఎవరినీ కలవలేదు. ఎందుకు కలవలేదో మా అబ్బాయిని అడగండి” అని అమ్మ ఫోన్ పెట్టేసింది.

నగరానికి మాత్రం ఇట్టే అర్థమైపోయింది. రెండు రోజుల్లో దిండు కింద జోకర్ అన్న మాట బస్‌స్టాపుల్లో పోస్టరైంది. బ్యాంకు క్యూలో ఎవరైనా దగ్గరికొస్తే, కొంచెం దూరంగా నిలబడండి, మీ దిండు కింద ఏముందో అనడం మామూలైపోయింది. పెద్దవాళ్ల క్లబ్బులు తాళాలేసుకున్నాయి. అగ్గిపుల్లలకీ కొండగీతకీ లొంగని జనం ఒక ముసలావిడ దొంగాటకి లొంగిపోయారు. ఆ ముసలావిడ మాత్రం బాల్కనీలోకి వెళ్లడం కూడా మానేసింది. ఎదురు భవనంవాళ్లు తన కుర్చీ వంకే చూస్తున్నారని ఆవిడ అనుమానం. అనుమానమేం కాదు, నిజంగానే చూసేవాళ్లు.

శుక్రవారం టైలరమ్మకి జ్వరం వచ్చింది. సాయంత్రానికి ఊపిరి అందలేదు, ఆస్పత్రికి తీసుకెళ్లారు. హెడ్ నర్సు ఆ కబురు కోడలికి చెప్పింది, కోడలు అత్తగారికి చెప్పింది. అమ్మ ఆ రోజు భోజనం చెయ్యలేదు. మర్నాటి నుంచి ఉదయం ఒకసారి, సాయంత్రం ఒకసారి ఆస్పత్రికి ఫోన్ చేసి, వార్డు నంబరు, మంచం నంబరు చెప్పి మరీ వివరాలు కనుక్కునేది. ఎక్స్ఛేంజి పద్ధతి. అవతలివాళ్లు బహుశా కోలుకుంటారండీ అన్నప్పుడు మాత్రం ఏమీ అనకుండా వినేది. పన్నెండు రోజులు అలా గడిచాక టైలరమ్మ ఇంటికొచ్చింది, గాలొస్తే ఎగిరిపోయేట్టు చిక్కిపోయి. ఆ భవనంలో మిగతా ఎవరికీ రాలేదు.

తల్లీ కొడుకుల మధ్య మాటలు మాత్రం మొదలవలేదు. అంతా కోడలి ద్వారానే నడిచేది. తువ్వాలు ఆరిందేమో చూసుకోమని ఆయనకి చెప్పు, మాత్ర వేసుకుందేమో అమ్మనడుగు. నేను మందుల షాపు నడుపుకుంటున్నానా, మీ ఎక్స్ఛేంజి నడుపుతున్నానా అని ఆవిడ విసుక్కుంది. చివరికి అమ్మ షరతు కూడా ఆవిడ నోటి నుంచే వచ్చింది. ఏ టీవీలో తన పరువు తీశాడో అదే టీవీలో, మా అమ్మ మోసం చెయ్యదని ఆయన చెప్పాలి. అప్పుడే మాటలు.

“చెప్పెయ్యండీ, ఒక్క ముక్క కదా” అంది భార్య.

ఆయన ఒప్పుకోలేదు. నిజం కానిదాన్ని ఆ కుర్చీలో కూర్చుని ఎలా చెప్తానన్నాడు. అడిగిన అంకె ఒక్కటి చెప్పేసి ఉంటే మొదటి రోజే గొప్పవాణ్ణయ్యేవాణ్ణి, బహుశా గారన్న పేరు ఊరికే మోస్తున్నానా అన్నాడు. ఆయన మాత్రం ఆ తర్వాత రోజూ హాలు దాటేటప్పుడు కొంచెం నెమ్మదిగా నడిచేవాడు, ఒరే అని వినపడుతుందేమోనని.

నెలాఖరుకి జ్వరం తగ్గుముఖం పట్టింది. మొత్తం కేసులు ఆరు వేల రెండొందలు. ఊరు ఊపిరి పీల్చుకుంది, పీల్చుకోగానే ఆయన మీద పడింది. నలభై వేలని బెదరగొట్టాడు, ఎక్కడ ఆ నలభై వేలు అని పత్రికలు రాశాయి. బహుశా తప్పాడు అని ఒక పత్రిక పెద్దక్షరాల్లో వేసింది. లిఫ్టులో పై అంతస్తాయన, అనవసరంగా మా మేనల్లుడి పెళ్లి వాయిదా వేయించారండీ అన్నాడు. గొడుగేసుకుని వెళ్లి, తడవలేదు కాబట్టి వానే పడలేదన్నట్టుంది మీ మాట అని ఆయన చెప్పేలోపు అంతస్తు వచ్చేసింది. ఈ పోలిక వాతావరణం ఆయన దగ్గర అరువు తెచ్చుకున్నది. దాన్ని వినే ఓపిక మాత్రం ఎవరికీ లేదు.

ఆఖరి కార్యక్రమం రోజు మధ్యాహ్నం స్టూడియోకి తీసుకెళ్లాల్సిన కాగితాలు సర్దుకుంటుంటే, వాటి మధ్య తనది కాని కాగితం ఒకటి కనపడింది. పాత క్యాలెండరు వెనకవైపు, పెన్సిలు గీతలు. ఆరు గుండ్రాలు. ఒక్కో గుండ్రం పక్కన అమ్మ చక్కటి చేతిరాత. టైలరమ్మ, హెడ్ నర్సు, తక్కిన ముగ్గురు, నేను. టైలరమ్మ గుండ్రాన్ని నల్లగా నింపింది. పైన మూడు రోజులు రాసి ఉన్నాయి, మంగళవారం, బుధవారం, గురువారం. నల్లటి గుండ్రం నుంచి మిగతా ఐదింటికీ చుక్కల గీతలు. నేను అన్నదానికి వెళ్లే గీత అన్నిటికన్నా పొట్టిది, పక్క కుర్చీ కాబట్టి. కాగితం అడుగున ఒక వరుస ఉంది.

కలవని లైన్లు: 5.

ఆయన ఆ పొట్టికాలు లేని ఇంటి కుర్చీలో కూడా ఒరిగిపోయి కూర్చుండిపోయాడు. నగరం మొత్తంలో తన లెక్క అర్థమైన మనిషి ఒక్కరు దొరికారు. అదీ ఎవరి కోసం ఇన్నాళ్లూ గొంతు చించుకున్నాడో ఆ మనిషే. కళ్లు తుడుచుకుని, కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి చొక్కా జేబులో పెట్టుకున్నాడు.

ఆ సాయంత్రం యాంకరమ్మాయి నలభై వేల సంగతి అడిగింది. ఆయన ఓపిగ్గా చెప్పాడు, అయిదుసార్లు బహుశా అన్నాడు. చివర్లో ఆ అమ్మాయి నవ్వుతూ, మీ అమ్మగారు ఇంకా జోకర్ దాస్తున్నారా సార్ అని అడిగింది. ఆయన చెయ్యి జేబు మీదికి వెళ్లింది.

“మా అమ్మ పేకాటలో ఏనాడూ మోసం చెయ్యలేదు. ఆ రోజు నేను చెప్పింది ఉదాహరణ కోసం కల్పించింది.”

“బహుశానా సార్?”

“కాదు. ఖాయం.”

ఆ నెలంతా ఆయన ఖాయమని చెప్పిన మాట అదొక్కటే. అబద్ధం చెప్పిందీ అదొక్కటే. ఎంత నుంచి ఎంత మధ్య అని ఎవరూ అడగలేదు, ఊరు ఊరంతా అక్కడికక్కడే నమ్మేసింది. ఆయన ఇంటికొచ్చేలోపే హెడ్ నర్సు ఫోన్ చేసి, నా చేతకానితనాన్ని నీ మీద రుద్దాను వదినా అని ఏడ్చిందట. సోమవారం నుంచి ఆట. గుండీల డబ్బా టైలరమ్మే తెస్తానంది.

తలుపు తీసే ఉంది. అమ్మ గుండ్రటి బల్ల దగ్గర, నడుం వెనక దిండు పెట్టుకుని కూర్చుంది.

“ఒరే, కూర్చో” అంది.

ఆయన టైలరమ్మ కుర్చీలో కూర్చున్నాడు. అమ్మ ముక్కలు కలిపి, ఇద్దరికీ పదమూడేసి పంచింది. అమ్మ ఒక ముక్క పడేసి, చేతిలో ముక్కల వంకే చూస్తూ అడిగింది.

“ఆ మంగళవారం ఆట జరిగుంటే?”

అరగంట క్రితం ఊరంతటికీ ఖాయమని అబద్ధం చెప్పొచ్చిన నోరు. ఈ ఒక్క మనిషికి మాత్రం చెప్పలేకపోయింది.

“బహుశా, అమ్మా.”

అమ్మ ఈసారి వస్తుందా రాదా అని అడగలేదు. ఆయన మొహంలోకి చాలాసేపు చూసింది. ఆ తర్వాత వెనక్కి చెయ్యి పెట్టి, దిండు కింద నుంచి జోకర్ తీసి, ఆయన ముందు బల్ల మీద వెల్లకిలా పెట్టింది.

ఆయన దాన్ని చేతిలోకి తీసుకున్నాడు. ఎనిమిదో ఏట నుంచి చూస్తున్నాడు గానీ, ముట్టుకోవడం ఇదే మొదలు. “ఇంకోటి కూడా ఉందా అమ్మా?” అని అడిగాడు.

“బహుశా” అంది అమ్మ.